అంబాజీపేట నుంచి అన్నవరం దాకా కొబ్బరి లారీలో

అన్నవరంలో మా అక్కయ్యగారి వాళ్ల వ్రతం ఉదయం ఆరు గంటలకు. నేను అంబాజీపేటలో మా బావమరిది ఇంటి నుంచి బయలుదేరేసరికి సాయంత్రమైంది. అమలాపురంలో అందవలసిన కాకినాడ బస్సు అందలేదు. టాక్సీవాడు అడిగిన డబ్బు వింటే, ఆ మొత్తంతో విశాఖపట్నానికి ఇద్దరం వెళ్లి రావచ్చుననిపించింది. కోటిపల్లి నుంచి అమలాపురం మీదుగా నరసాపురానికి రైలుమార్గం 2000-01లో మంజూరైన నాటి నుంచి రేపో మాపో రైలు వస్తుందని వింటూనే ఉన్నాం, అమలాపురానికి మాత్రం ఇంతవరకూ రైలు లేదు. మనుషుల మాట ఎలా ఉన్నా, కోనసీమలో కాసిన ప్రతి కొబ్బరికాయా ఊరు దాటాలంటే లారీ ఎక్కవలసిందే. ఆ రాత్రి నేనూ ఎక్కాను.

"మన లోడు పట్నాకు వెళ్తోంది బావగారూ, యానాం, కాకినాడ, కత్తిపూడి మీదుగా అన్నవరం ముందు నుంచే పోతుంది. సరుకు తరఫు మనిషిగా కూర్చోండి, తప్పేం లేదు" అన్నాడు మా బావమరిది. సరుకు యజమాని గానీ ఆయన పంపిన మనిషి గానీ క్యాబిన్‌లో ప్రయాణించడాన్ని చట్టం ఒప్పుకుంటుంది, బీమా కూడా వర్తిస్తుంది. లోడు మీద ఎక్కి కూర్చున్న కూలీలకు ఆ రక్షణ ఉండదు. 2024 సెప్టెంబరులో దేవరపల్లి మండలంలో జీడిగింజల బస్తాలతో వెళ్తున్న చిన్న లారీ బోల్తాపడి, బస్తాల మీద ఉన్న ఏడుగురు కూలీలు వాటి కిందే ప్రాణాలు వదిలారు. అందుకే, దారిలో దిగిపోతామంటూ ఇద్దరు హమాలీలు పైకి ఎక్కబోతుంటే నేను గట్టిగా అభ్యంతరం చెప్పాను. వాళ్లు నొచ్చుకున్నారు, కానీ దిగారు.

అది పది టైర్ల లారీ. ఛఠ్ పండుగకు బీహారులో కొబ్బరికాయకు గిరాకీ ఎక్కువ కాబట్టి, దసరా వెళ్లిన నాటి నుంచి అంబాజీపేట మార్కెట్టుకు తీరిక ఉండదు. దింపు కాయలు కొట్లకు చేరడం, ఒలుపు, ఏరివేత, లోడింగు, కాటా అన్నీ ఒకదాని వెంట ఒకటి జరిగిపోతుంటాయి. మా లారీలో సుమారు ముప్ఫై వేల ఒలిచిన కాయలున్నాయి. కాటా దగ్గర డ్రైవరు చీటీని రెండుసార్లు చదువుకున్నాడు. పది టైర్ల లారీ సరుకుతో కలిపి 25 టన్నులే ఉండాలన్న పరిమితిని 2018లో 28.5 టన్నులకు పెంచారు. అది దాటితే 20,000 రూపాయల జరిమానా, పైన ఎక్కువైన ప్రతి టన్నుకూ మరో 2,000. "పరిమితి పెంచితే మాకు లాభమనుకున్నామండి మాస్టారూ. ట్రిప్పుకు టన్నులు పెరిగాయిగానీ, టన్నుకిచ్చే కిరాయి తగ్గిపోయిందండి" అన్నాడు తాళ్లు బిగిస్తూ. క్లీనరు లేడు, రెండో డ్రైవరూ లేడు. నలభై ఏళ్లు దాటిన ఆ ఒక్క మనిషే టార్పాలిన్ కప్పి, తాళ్లు కట్టి, టైర్లు ఒక్కొక్కటిగా రాడ్డుతో కొట్టి చూసి, దణ్ణం పెట్టుకుని స్టీరింగు దగ్గర కూర్చున్నాడు.

నేను లారీ ఎక్కడం వెనుక ఒక పాత కోపం కూడా ఉంది. ఆరేళ్ల కిందట నా దగ్గర డిగ్రీ చదివిన కుర్రవాడొకడు రావులపాలెం దాటాక, హైవే పక్కన దీపాల్లేకుండా ఆపి ఉన్న లారీని వెనుక నుంచి మోటారు సైకిలుతో ఢీకొని చనిపోయాడు. వాళ్ల అమ్మగారిని పలకరించడానికి వెళ్లినప్పుడు ఆమె నన్ను ఒకే ఒక్క ప్రశ్న అడిగింది: "ఆ లారీ అక్కడెందుకాగిందండీ?" నా దగ్గర సమాధానం లేదు. 2022లో మన దేశంలో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది చనిపోయారని, ఆ ప్రమాదాల్లో అయిదింట ఒకటికి పైగా ముందున్న బండిని వెనుక నుంచి గుద్దినవేనని తరువాత చదివాను. ఆమె అడిగిన దానికి ఆ అంకెల్లోనూ జవాబు దొరకలేదు.

అమలాపురం, ముమ్మిడివరం, మురమళ్ల ఎలా దాటామో నాకు గుర్తులేదు. ఎదుర్లంక దగ్గర బాలయోగి వారధి ఎక్కినప్పుడు మాత్రం, గౌతమి మీద చల్లగాలి ముఖానికి తగిలి నా చిన్నతనం గుర్తుకొచ్చింది. అప్పట్లో ఇక్కడ వంతెన లేదు. నది దాటించే బల్లకట్టు, అదే పంటు మీద లారీని ఎక్కించేవారు, పంటు వచ్చేదాకా డ్రైవర్లు రేవు గట్టున తువ్వాలు పరుచుకుని నిద్రపోయేవారు. మా తాతగారైతే ఇంకా వెనకటి సంగతులు చెప్పేవారు. 1852లో కాటన్ దొర ధవళేశ్వరం ఆనకట్ట పూర్తిచేశాక తవ్వించిన కాలువలు పొలాలకు నీళ్లివ్వడంతోపాటు సరుకు పడవలకు దారులు కూడా అయ్యాయి. గట్టు మీద నుంచి మనుషులు తాడుతో లాగుతుంటే కొబ్బరి, ధాన్యం పడవల్లో వెళ్లేవట. పొద్దుగూకితే లాకుల దగ్గర పడవ కట్టేసి, ఎసరు పెట్టుకుని, తిని పడుకునేవారట. ఆ కాలమే బాగుండేదని నేననను, పడవ లాగినవాడి భుజం మీద తాడు కోసిన చార మా తాతగారు కళ్లారా చూశారు. అయినా, వాళ్లకు రాత్రి ఉండేది.

యానాం. 1954 వరకూ ఫ్రెంచివారి ఏలుబడిలో ఉండి, తరువాత పుదుచ్చేరిలో భాగమైన ఈ ముప్ఫై చదరపు కిలోమీటర్ల ఊరు లారీవాళ్లకు తీర్థక్షేత్రంతో సమానం. ఆంధ్రలో డీజిలు మీద 22.25 శాతం వ్యాటు, దానిపైన లీటరుకు 4 రూపాయలు, రోడ్డు సెస్సు మరో రూపాయి. అందువల్ల ఆ రాత్రి మన బంకుల్లో 97 రూపాయల దగ్గరున్న లీటరు, వంతెన దిగగానే పది రూపాయల అటూ ఇటూ తగ్గింది. బంకు ముందు లారీల వరుసలో మేము నలభై నిమిషాలు ఆగాం. అంత రాత్రివేళ టీ ఇరవై రూపాయలు, అదీ బొటనవేలంత కప్పులో. ఆ నలభై నిమిషాల్లోనే డ్రైవరు తన లెక్క అంతా నా ముందు పెట్టాడు. పాత లెక్చరరును కాబట్టి నేను చేతి సంచిలోని కాగితం తీసి రాసుకున్నాను.

పట్నా దాదాపు పదిహేను వందల కిలోమీటర్లు. నిండు లోడుతో లారీ లీటరుకు నాలుగు కిలోమీటర్లు ఇస్తే 375 లీటర్లు, ఆంధ్ర ధరలో అయితే ముప్ఫై ఆరు వేల పైమాట. యానాంలో మూడు వందల లీటర్లు పట్టిస్తే మూడు వేలు మిగులుతుంది, అతని ఇంట్లో ఇద్దరు పిల్లల ఒక నెల ట్యూషను అదే. కిరాయి డెబ్బై ఎనిమిది వేలు. అందులో నుంచి బ్రోకరు కమీషను, టోలు, లోడింగు మామూలు, దించేచోట మళ్లీ మామూలు, దారిలో చేతులు చాచే వాళ్లకు ఇచ్చేది పోతే, మిగిలేది ఇరవై వేల లోపు. అక్కడ మొక్కజొన్న రిటన్ లోడు దొరికేదాకా రెండు రోజులో మూడు రోజులో కాచుకోవాలి, దాని కిరాయి డీజిలుకూ టోలుకూ సరిపోతే అదృష్టమే. ఇవి ప్రతి ట్రిప్పుకూ ఉండే ఖర్చులు. బండి కదిలినా కదలకపోయినా తప్పనివి వేరే ఉన్నాయి. నెలకు యాభై ఎనిమిది వేల కిస్తీ. 20 నుంచి 40 టన్నుల బళ్లకు 2022లో ఖరారైన థర్డ్ పార్టీ బీమా ప్రీమియమే ఏడాదికి 43,950. టైరు ఒక్కోటి ఇరవై వేల పైన, అలాంటివి పది. కొత్త లారీలపై జీఎస్టీ 28 శాతం నుంచి 18కి తగ్గింది 2025 సెప్టెంబరు 22న, ఇతను బండి తీసుకున్నది దానికి ఏడాది ముందు. నెలకు రెండు ట్రిప్పులు తిరిగితే కిస్తీకి చాలదు, మూడో ట్రిప్పు ఎలాగైనా వెయ్యాలి.

"డీజిలు రేటు నేను తగ్గించలేను కదండీ. టోలు గేటు దగ్గర బేరమాడలేను. ఫైనాన్సువాడు ఆగడు. ఇంకేం మిగిలిందండి, నా నిద్రే" అన్నాడు.

అతను సానుభూతి కోసం ఆ మాట అనలేదు, లెక్కలో ఒక పద్దులాగే చెప్పాడు. నేను కాగితం తిప్పి, వెనుకవైపు మరో లెక్క వేశాను. నిండు లోడు లారీ సగటున గంటకు ముప్ఫై అయిదు, నలభై కిలోమీటర్లకు మించి వెళ్లదు. ఆ లెక్కన పట్నాకు దాదాపు నలభై గంటల డ్రైవింగు. మోటారు రవాణా కార్మికుల చట్టం 1961లోనే రోజుకు 8 గంటలు, వారానికి 48 గంటలు అని నిర్ణయించింది, 1988 మోటారు వాహనాల చట్టం కూడా అదే పరిమితిని చెప్పింది. చట్టం ప్రకారం నడిపితే పట్నాకు అయిదు రోజులు. మా బావమరిది అక్కడి వ్యాపారికి మాట ఇచ్చింది మూడో రోజు రాత్రికి. అంటే రోజుకు పదమూడు, పద్నాలుగు గంటలు ఒకే మనిషి స్టీరింగు ముందు కూర్చోవాలి. మునుపు నేషనల్ పర్మిట్ బండికి ఇద్దరు డ్రైవర్లుండాలన్న నిబంధన ఉండేది, 2018 నవంబరులో దాన్ని తీసేశారు. దేశంలో సరుకు రవాణా దాదాపు 70 శాతం రోడ్డు మీదే సాగుతోంది. అందులో ఎంతో భాగం ఇతనిలాంటి ఒకటి రెండు లారీల యజమానుల చేతుల మీదుగా నడుస్తున్నప్పుడు, క్యాబిన్‌లో ఒంటరిగా ఉన్నవాడి గంటలు ఎవరు లెక్కపెడతారు? ఆ మూడో రోజు రాత్రి అన్న మాట ఇచ్చింది నా ఇంటి మనిషే కాబట్టి, ఆ టీ కప్పు పట్టుకుని నాకు చాలాసేపు మాట రాలేదు.

కాకినాడ దాటాక అతని కళ్లు బరువెక్కడం నేను గమనించాను. మొదట పాటలు పెట్టాడు, తరువాత అద్దం దించాడు, ఆ తరువాత తడి తువ్వాలుతో మెడ తుడుచుకున్నాడు. 2025 అక్టోబరు 1 నుంచి తయారయ్యే మధ్యరకం, పెద్ద లారీలకు ఏసీ క్యాబిన్ తప్పనిసరి చేశారు, మంచి పనే. ఈ బండిలో మాత్రం ఇంజను వేడి కాళ్ల దగ్గర నుంచి పైకి కొడుతూనే ఉంది, పక్క సీట్లో ఊరికే కూర్చున్న నా అరికాళ్లే మండాయి. రోడ్డు మీద ఎదురుగా డిమ్ము చేయని కార్లు, వెనుక ఎర్రదీపం లేని ట్రాక్టరు తొట్టెలు, ఊరు రాగానే అడ్డంగా దూసుకొచ్చే స్కూటర్లు. మరో నెల పోతే కోతలు ముమ్మరమై, రోడ్డుకు ఒక పక్కంతా ధాన్యం ఆరబోస్తారు. రాశి చుట్టూ రాళ్లు పెడతారు, పొద్దున్నే ఆ రాళ్లు అక్కడే వదిలేస్తారు. నేనూ రైతు బిడ్డనే, కళ్లాలు లేనివాడు ధాన్యం ఎక్కడ ఆరబెట్టాలో నాకు తెలియదు. కానీ అరవై కిలోమీటర్ల వేగంతో వచ్చేవాడికి చీకట్లో ఆ రాయి కనబడదు.

పిఠాపురం దాటిన తరువాత అడిగేశాను, ఇన్నేళ్లుగా నాలో ఉన్న ప్రశ్న. "బాబూ, లారీలు దీపాలు ఆర్పేసి రోడ్డు పక్కన ఎందుకు ఆపుతారు?"

అతను వెంటనే చెప్పలేదు. గేరు మార్చి, కొంత దూరం వెళ్లాక అన్నాడు. "తప్పేనండి. మా అన్నయ్య బండి అలాగే ఆపుకుని పడుకుంటే వెనకాల వేరే లారీ గుద్దిందండి, కాలు పోయింది. ఇండికేటర్లు రాత్రంతా వేస్తే బ్యాటరీ దిగిపోతుందండి, పొద్దున్న బండి లేవదు. బంకుల్లో డీజిలు కొట్టించుకుంటేనే ఆగనిస్తారు. డాబా దగ్గర ఆగితే భోజనం చేయాలి. ఊరికి దూరంగా ఆగితే ట్యాంకులో డీజిలు లాగేస్తారు, టార్పాలిన్ కోసేస్తారు. ఇళ్ల వెలుతురున్న చోట రోడ్డు పక్కన ఆగితే దొంగ రాడండి, వెనకాల బండి వస్తుంది." బండి వెనుక మెరిసే రిఫ్లెక్టరు టేపు అతికించి ఉంది. ఆగిన ప్రతిసారీ దిగి దాన్ని గుడ్డతో తుడవడం నేను యానాంలోనే చూశాను, అప్పుడు అది శుభ్రత కోసమనుకున్నాను.

ఆ తల్లికి చెప్పవలసిన జవాబు ఇందులో కొంత ఉంది. చెప్పడానికి వెళ్లగలనో లేదో నాకు తెలియదు. డ్రైవరు తప్పు లేదని నేననలేను, ఆ కుర్రవాడు బతికి ఉంటే ఇప్పుడు ఇరవై ఎనిమిదేళ్లు. కానీ వందల కిలోమీటర్ల రోడ్డు వేసి, అడుగడుగునా టోలు గేటు కట్టి, ఆ టోలు చెల్లించే లారీ ఆగడానికి దీపాలున్న చోటు, ఒక కుళాయి, ఒక కాపలా మనిషిని ఏర్పాటు చేయకపోవడం కూడా తప్పే. 2024 జనవరి మొదట్లో, ప్రాణం తీసిన ప్రమాదం చేసి, పోలీసులకు చెప్పకుండా పారిపోయిన డ్రైవరుకు పదేళ్ల వరకు జైలు అన్న కొత్త సెక్షను మీద లారీలు ఆగిపోయినప్పుడు, బంకుల ముందు వరుసలో నిలబడి డ్రైవర్లను తిట్టినవారిలో నేనూ ఉన్నాను. ఆ సెక్షనును ఇప్పటికీ అమలులోకి తీసుకురాలేదు. శిక్ష గురించి ఆ రెండు రోజులూ దేశమంతా మాట్లాడింది. నిద్ర గురించి ఎవరైనా మాట్లాడగా నేను వినలేదు.

కత్తిపూడి దగ్గరకు వచ్చేసరికి రెండు గంటలు కావస్తోంది. ముందు చక్రం తెల్లగీత మీదికి వెళ్లి, టైరు శబ్దం మారింది. నేను అతని భుజం మీద చెయ్యి వేశాను. "ఇక్కడెక్కడైనా ఆపు నాయనా, ఒక్క గంట పడుకో. నేను మేలుకుని ఉంటాను. నాకు వ్రతం ఆరు గంటలకు." అతను మొహమాటపడ్డాడు. రోడ్డు మలుపు దాటాక ఒక బంకు కనబడితే, డీజిలు అవసరం లేకపోయినా అయిదు వందల రూపాయలకు నా డబ్బుతోనే పోయించి, వెలుతురులో ఒక మూల ఆపించాను. సీటు వెనుక బల్ల మీద ఒరిగిన రెండు నిమిషాలకే అతనికి గురక పట్టింది.

నేను దిగి లారీ చుట్టూ తిరుగుతూ ఉన్నాను. ముప్పావు గంటకు అతని ఫోను మోగింది. తెర మీద మా బావమరిది పేరు. తీశాను.

"ఎక్కడున్నావురా, తుని దాటావా?"

"నేను బావా. కత్తిపూడిలో ఉన్నాం. అతను పడుకున్నాడు."

"పడుకున్నాడా? బావగారూ, అక్కడ మూడో రోజు రాత్రికని..."

"నాలుగో రోజు పొద్దున్న అని ఇప్పుడే ఫోను చేసి చెప్పు."

అటునుంచి కాసేపు ఏ మాటా లేదు. "సరే, చూస్తాను" అన్నాడు. చెప్పాడో లేదో నేను ఇంతవరకూ అడగలేదు, అడగాలి. మూడున్నరకు డ్రైవరును లేపాను. సీసాలో నీళ్లతో ముఖం కడుక్కుని, వెనక్కి వెళ్లి టేపు తుడిచి, తాళ్లు ఒకసారి లాగి చూసుకున్నాడు. నాలుగు దాటాక రత్నగిరి దీపాలు కనిపించే చోట నన్ను దించి, కొండకేసి దణ్ణం పెట్టుకుని వెళ్లిపోయాడు.