లీనా నది పటం: యాకుట్స్క్ దాకా వచ్చింది

సైబీరియాలోని లీనా నదికి చేత్తో గోడ పటం గీస్తున్నాను. పొడవు దాదాపు 4,400 కిలోమీటర్లు, మన గోదావరికి మూడింతలు. బైకాల్ సరస్సు పక్కనున్న కొండల్లోనే పుట్టినా అందులో కలవదు. ఉత్తరానికి పోయి లాప్తెవ్ సముద్రంలో కలుస్తుంది.

ఏ2 షీటు తీసుకున్నాను. 1 సెంటీమీటరుకు 40 కిలోమీటర్లు. నది నిలువునా 55 సెంటీమీటర్లలో పట్టింది. ఫోన్‌లో కనిపించే మ్యాపును మాత్రం నకలు చేయకండి. గుండ్రటి భూమిని చదును కాగితం మీద పరిచే మెర్కేటర్ పద్ధతిలో 54 డిగ్రీల అక్షాంశం దగ్గర 1.7 రెట్లు సాగే దూరం 72 డిగ్రీల దగ్గర 3.2 రెట్లు సాగుతుంది, డెల్టా అసలుకన్నా బాగా పెద్దదిగా వస్తుంది. నేచురల్ ఎర్త్ అనే ఉచిత పటాల డేటాను క్యూజీఐఎస్ అనే మ్యాపుల సాఫ్ట్‌వేర్‌లో తెరిచి, దూరాలు అంతగా సాగని లాంబర్ట్ పద్ధతికి (ప్రొజెక్షన్) మార్చాను (ప్రామాణిక అక్షాంశాలు 58, 70, మధ్య రేఖాంశం 120). లేత గీతలతో ప్రింటు తీసి, కింద లైటు పెట్టుకుని దించాను. విటిమ్ ఉపనది కలిసేదాకా 0.3 మి.మీ. పెన్ను, అక్కడినుంచి 0.5. యాకుట్స్క్ దిగువన అల్దాన్ ఉపనది కలిశాక 0.8 వాడాలి.

రంగులు నది వాడకాన్ని బట్టి వేస్తున్నాను. ఈ పటం మొదలుపెట్టిందే అందుకు. ఉస్త్‌కుత్ దగ్గర రైలు దిగిన సరుకు ఒసెత్రోవో రేవులో పడవలెక్కి దిగువ ఊళ్లకు వెళ్తుంది, అది నీలం. వరద ముప్పు ఎరుపు. దక్షిణాన మంచు ముందు కరిగిపోతుంది, దిగువన నది ఇంకా గడ్డకట్టే ఉంటుంది. విరిగిన మంచు పలకలు అడ్డం పడి నీళ్లు వెనక్కి ఎగదన్నుతాయి. 2001లో లెన్‌స్క్ పట్టణం అలాగే మునిగింది.

ఎక్కువ సమయం తీసుకున్నది యాకుట్స్క్. 1632లో వెలసిన ఈ నగరం ఎడమ ఒడ్డున ఉంటే, రైలు కుడి ఒడ్డున నిజ్నీ బెస్త్యాఖ్‌లోనే ఆగిపోతుంది. మధ్యలో వాడుకలో ఉన్న వంతెన లేదు. వేసవిలో పంటు మీద దాటతారు, చలికాలంలో గడ్డకట్టిన నది మీదే లారీలు నడుస్తాయి. మంచు పట్టేటప్పుడూ విరిగేటప్పుడూ హోవర్‌క్రాఫ్టే దిక్కు. ఒకే దాటు చోటు కాలాన్ని బట్టి మూడు రకాలుగా మారుతుందన్నది చూపించి తీరాలనిపించింది. పెద్ద పటంలో అంత చోటు లేదు కాబట్టి, మూలన 1 సెంటీమీటరుకు 5 కిలోమీటర్ల చొప్పున విడి పెట్టె గీసి, మూడు రంగుల చుక్కల గీతలు పెట్టాను.

ఇక మిగిలింది విల్యుయ్ ఉపనది సంగమం, తర్వాత డెల్టా. అక్కడి పాయలన్నీ గీస్తే సిరా అలుక్కుపోతుంది. నీళ్లు ఎక్కువగా పోయే త్రోఫిమోవ్ పాయనూ, టిక్సీ రేవు వైపు పడవలు వెళ్లే బికోవ్ పాయనూ 0.3తో, మిగతావి 0.05తో గీస్తాను.