దర్శకత్వ ప్రవేశ పరీక్ష కోసం ఆండ్రియాస్ డ్రేజెన్‌ను చదివిన తీరు

పూణే ఫిలిం ఇన్‌స్టిట్యూట్‌లో దర్శకత్వ కోర్సుకు సిద్ధమవుతున్న మిత్రులకు, నా ప్రిపరేషన్‌లో ఎక్కువగా ఉపయోగపడిన ఒక పద్ధతిని వివరించాలనుకుంటున్నాను. ప్రపంచ సినిమాకు సంబంధించి ఉద్యమాల పేర్లు, అవార్డుల సంవత్సరాలు గుర్తుంచుకోవడం అవసరమే. అయితే పాత్ర చిత్రణ గురించి వివరంగా రాయవలసి వచ్చినప్పుడు గాని, ఇంటర్వ్యూలో ఇష్టమైన దర్శకుడి గురించి మాట్లాడవలసి వచ్చినప్పుడు గాని ఆ జాబితా చాలదు. అందుకే ఒక్క దర్శకుణ్ణి ఎంచుకొని, ఆయన ముఖ్యమైన సినిమాలను విడుదలైన వరుసలో చూస్తూ నోట్స్ రాసుకున్నాను. ఆ దర్శకుడు జర్మనీకి చెందిన ఆండ్రియాస్ డ్రేజెన్.

ఆయన 1963లో తూర్పు జర్మనీలోని గేరాలో జన్మించారు. తండ్రి రంగస్థల దర్శకుడు, తల్లి నటి. బాబెల్స్‌బర్గ్ ఫిలిం స్కూల్లో దర్శకత్వం చదువుతున్న కాలంలోనే బెర్లిన్ గోడ కూలింది. తొలి చిత్రం 'ష్టిలెస్ లాండ్' (1992)లో ఆయన ఆ 1989 శరత్కాలాన్నే తీసుకున్నారు గాని, కెమెరాను రాజధాని వీధుల్లో కాకుండా ఒక చిన్న ఊరి నాటక బృందం దగ్గర నిలబెట్టారు. పెద్ద చరిత్రను దాని అంచున ఉన్న మనుషుల ద్వారా చూపడమనే ఈ లక్షణం 2018 నాటి 'గుండర్‌మాన్'లోనూ కనబడుతుంది.

నేను అన్నిటికంటే ఎక్కువ సమయం 'గ్రిల్ పాయింట్' (2002) మీద గడిపాను. పోలండ్ సరిహద్దులోని ఫ్రాంక్‌ఫర్ట్ అన్ డెర్ ఓడర్‌లో స్నేహంగా మెలిగే రెండు జంటల్లో, ఒక ఇంటి భార్యకూ మరో ఇంటి భర్తకూ మధ్య సంబంధం ఏర్పడుతుంది. సంభాషణలు ముందుగా రాసుకోకుండా, చిన్న బృందంతో, డిజిటల్ వీడియో మీద తీసిన ఈ చిత్రానికి బెర్లిన్ చలనచిత్రోత్సవంలో గ్రాండ్ జ్యూరీ వెండి ఎలుగుబంటి బహుమతి దక్కింది. రాసిన మాటలు లేనప్పుడు నటుడికి ఆధారం పాత్ర చేసే పనే. ఆ రెండు జంటల్లో ఒకదానిలో భర్త చిరుతిండి దుకాణం నడుపుతాడు, భార్య పరిమళ ద్రవ్యాలు అమ్ముతుంది. వాళ్ల అలసట, ఇంటికి చేరే తీరు, మాట్లాడుకోవడానికి మిగిలే కాస్త సమయం, అన్నీ ఆ పనుల నుంచే పుడతాయి. పాత్రను వివరించమనే ప్రశ్నకు స్వభావ విశేషణాలు పేర్చడం కంటే, ఆ మనిషి రోజంతా ఏం చేస్తాడో రాయడం ఎంత బలమైన సమాధానమో నాకు ఇక్కడే స్పష్టమైంది.

ఇదే పద్ధతిలో తీసిన 'క్లౌడ్ 9' (2008) అరవై దాటిన ఒక వివాహిత ప్రేమకథ. 'స్టాప్డ్ ఆన్ ట్రాక్' (2011)లో మెదడులో కణితి ఉందన్న వార్తను భార్యాభర్తలకు చెప్పేది నటుడు కాదు, నిజమైన వైద్యుడు. కాన్ చలనచిత్రోత్సవంలో 'అన్ సర్టెన్ రిగార్డ్' విభాగం బహుమతిని మరో చిత్రంతో పంచుకున్న ఈ సినిమా ఆరంభాన్ని, సన్నివేశాన్ని షాట్లుగా విడగొట్టడం సాధన చేసేవారు తప్పక పరిశీలించాలి. మౌనాన్ని ఎంతసేపు నిలపవచ్చో ఆ సన్నివేశం చూపుతుంది.

ఆయనను కేవలం ఆశువుగా సన్నివేశాలు అల్లించే దర్శకుడిగా రాస్తే మాత్రం సమాధానం అసంపూర్ణమవుతుంది. 'సమ్మర్ ఇన్ బెర్లిన్' (2005) వోల్ఫ్‌గాంగ్ కోల్‌హాజె రాసిన పకడ్బందీ స్క్రిప్టుతో తీసినది. ఆ రచనకు సాన్ సెబాస్టియన్ ఉత్సవంలో బహుమతి వచ్చింది. దీన్ని 'గ్రిల్ పాయింట్' పక్కన పెట్టి పోల్చితే మంచి వ్యాసం తయారవుతుంది.

ఇంటర్వ్యూకు నేను సిద్ధం చేసుకున్న చిత్రం 'గుండర్‌మాన్'. బొగ్గు గనిలో ఎక్స్‌కవేటర్ నడుపుతూ పాటలు రాసి పాడిన గేర్హార్డ్ గుండర్‌మాన్, తూర్పు జర్మనీ రహస్య పోలీసు సంస్థ స్టాసీకి సమాచారం అందించినవాడు కూడా. 2019లో జర్మన్ ఫిలిం అవార్డులు ఆరు గెలుచుకున్న ఈ చిత్రం అతణ్ణి క్షమించదు, శిక్షించదు. దర్శకుడు తప్పించుకున్నాడా అని అడిగితే, తీర్పు చెప్పకపోవడం కూడా దర్శకుడి నిర్ణయమేనని, 1970ల, 1990ల సన్నివేశాలను ఒకదాని పక్కన ఒకటి పేర్చిన కూర్పునే అందుకు రుజువుగా చూపాలని నా నోట్స్‌లో రాసుకున్నాను.