తల పైన అంత ఖాళీ ఎందుకు?

కెమెరామన్ వూకాష్ జాల్ పనిచేసిన పోలిష్ సినిమా 'ఇదా'లో మనుషులు ఫ్రేము అడుగున ఉంటారు. గడ్డం అంచుకి తగులుతుందేమో అనిపిస్తుంది, తల పైనేమో బోలెడంత ఖాళీ గోడ. హైదరాబాద్‌లో నేను ఫోకస్ పుల్లర్‌గా (షాట్ నడుస్తుండగా లెన్స్ ఫోకస్ సరిచేసే అసిస్టెంట్‌గా) పనిచేసే సెట్లలో అలా పెడితే, 'హెడ్‌రూమ్ (తల పైన ఖాళీ) తగ్గించవయ్యా' అని వెంటనే కేక పడుతుంది. కానీ ఆ ఖాళీ చూస్తుంటే, 1960ల పోలండ్‌లో కాన్వెంట్‌లో పెరిగిన ఆ అనాథ పిల్ల మీద ఎంత బరువుందో డైలాగ్ అక్కర్లేకుండానే తెలిసిపోతుంది.

ఆ సినిమాకి జాల్ వెళ్లింది సినిమాటోగ్రాఫర్ కింద కెమెరా నడిపే ఆపరేటర్‌గా. పోలండ్‌లోని వూచ్ ఫిల్మ్ స్కూల్లో చదివి, ఎక్కువగా డాక్యుమెంటరీలు తీస్తూ వచ్చిన కుర్రాడు. సినిమాటోగ్రాఫర్ రిషార్డ్ లెంచెవ్‌స్కీ షూటింగ్ మొదట్లోనే తప్పుకోవాల్సి వచ్చింది. దర్శకుడు పావెల్ పావ్లికోవ్‌స్కీ వేరేవాళ్లని వెతక్కుండా కెమెరా ఇతనికే అప్పగించాడు. 2015లో ఆస్కార్ నామినేషన్ ఇద్దరి పేరు మీదా వచ్చింది. నాలాంటి అసిస్టెంట్లకి ఇంతకంటే ధైర్యమిచ్చే కథ లేదు.

తర్వాత అదే దర్శకుడితో 'కోల్డ్ వార్' (2018). మళ్లీ బ్లాక్ అండ్ వైట్, మళ్లీ చతురస్రానికి దగ్గరగా ఉండే పాతకాలపు ఫ్రేమే. కానీ ఈసారి కెమెరా పాటలతో పాటు కదులుతుంది. మళ్లీ ఆస్కార్ నామినేషన్ వచ్చింది, అమెరికన్ సినిమాటోగ్రాఫర్ల సంఘం అవార్డయితే చేతికే వచ్చింది.

జాల్ పనుల్లో నన్ను నిద్రపోనివ్వని సినిమా మాత్రం 'ద జోన్ ఆఫ్ ఇంట్రెస్ట్' (2023). నాజీల మరణ శిబిరం ఆష్విట్జ్ గోడ పక్కనే కాపురమున్న ఆ శిబిరం అధికారి (కమాండెంట్) ఇంటి కథ అది. ఆ ఇంట్లో ఒకేసారి పది దాకా కెమెరాలు దాచిపెట్టారు. నటులున్న గదుల్లో యూనిట్ మనిషి ఒక్కడూ లేడు. ఫోకస్ పుల్లర్లు బేస్‌మెంట్‌లో కూర్చుని వైర్ల మీద ఫోకస్ లాగారు. విడిగా సినిమా లైట్లు లేవు, కిటికీలోంచి వచ్చిందే వెలుతురు. రాత్రిపూట ఖైదీల కోసం ఆపిల్స్ దాచే అమ్మాయి సీన్లని, చీకట్లో లైటు వెయ్యకూడదని, వేడిని పట్టే థర్మల్ కెమెరాతో తీశారు. హంతకుణ్ణి అందంగా చూపించకూడదన్న నిజాయితీ ప్రతి షాట్‌లోనూ ఉంది. అలాంటి పనికి సినిమాటోగ్రఫీలో ఆస్కార్ నామినేషన్ కూడా ఇవ్వలేదు. అది అన్యాయమే.

కొత్తగా చూసేవాళ్లు 'ఇదా'తో మొదలుపెట్టండి. ఫోన్‌లో మాత్రం వద్దు, ఎంత పెద్ద తెర దొరికితే అంత మంచిది. కెమెరా దాదాపు కదలని ఆ సినిమాలో, చివర్లో ఆ అమ్మాయి రోడ్డు మీద నడుస్తున్నప్పుడు కెమెరా చేతుల్లో ఊగుతూ ఆమె ముందు నడుస్తుంది. ఆ షాట్ దాకా ఆగి చూడండి.