పేకముక్కల బొమ్మ

ఆదివారం, రాత్రి పదిన్నర.

పొద్దున ఏడు గంటలకే నాయన ఫోన్ చేసినాడు. "పాపా, నా పేక పోయింది" అన్నాడు. నిద్రమత్తులో నాకు నిజం పేకే తట్టింది. బీరువాలో చూడు, అమ్మ సర్దిందేమో అన్నాను. "ఆ పేక కాదు, కంప్యూటర్లో పేక. బొమ్మే లేదు."

ఇది కాస్త వెనక నుంచి రాయాలి. నాయన ఆర్టీసీలో కండక్టరుగా రిటైరైన ఏడాది, 2008లో, ఇంట్లోకి కంప్యూటర్ వచ్చింది. విండోస్ ఎక్స్‌పీ. అందులో ఆయన నేర్చుకున్నది ఒకే ఒక్క పని, సాలిటైర్ ఆడటం, అంటే ఒక్కరే కూర్చొని ఆడుకునే పేక. ఎక్స్‌పీకి మైక్రోసాఫ్ట్ 2014 ఏప్రిల్‌లో మద్దతు ఆపేసిందన్న కబురు మా నాయన దాకా రానే లేదు. దానికి నెట్ లేదు, ఆయనకి అక్కర్లేదు. రోజూ మధ్యాహ్నం నిద్ర లేచి, కాఫీ తాగి, రెండు ఆటలు వేసి, టీవీ ముందుకొస్తాడు. పోయిన వారం ఆ డబ్బా పూర్తిగా చచ్చిపోయింది. షాపతను కొత్తది కూర్చి, విండోస్ 11 వేసి, పాత హార్డ్ డిస్క్‌ని కూరగాయల కవర్లో చుట్టి చేతికిచ్చాడు. "ఉన్నది ఉన్నట్టే వేసినాము మేడమ్" అన్నాడు. ఏం ఉందో ఏం లేదో నేనూ చూడలేదు, అది నా తప్పు.

తొమ్మిదికి బండి తీశాను. తిరుపతిలో బైరాగిపట్టెడ నుంచి కొర్లగుంటకి ఆదివారం పూట ఎంతసేపు పడుతుందిలే అనుకుంటే, లీలామహల్ సర్కిల్ దగ్గర తిరుమల కొండకు పోయే కార్లు, తుఫాన్ జీపులు అన్నీ ఒకదాన్నొకటి ఒరుసుకుంటూ నిలబడి ఉన్నాయి. చేరేసరికి దోశలు చల్లారిపోయాయి. చెనిక్కాయల చట్నీ ఉంది కాబట్టి సరిపోయింది.

ఇంట్లో ఇంకో ఫిర్యాదు కాచుకొని ఉంది. సెలవులకని చిత్తూరు నుంచి వచ్చిన అక్క కొడుకు, తొమ్మిదో తరగతి, నాలుగు రోజుల్లోనే తాత కంప్యూటర్లో స్టీమ్ అనే గేముల దుకాణం పెట్టుకొని ఐదు గేములు ఎక్కించుకున్నాడు. ఇప్పుడు వాటి బొమ్మలన్నీ తెల్ల కాగితాలైపోయాయట. "పిన్నీ, వైరస్ అనుకుంటా" అన్నాడు గొంతు తగ్గించి. ఆ గొంతులోనే తెలిసిపోయింది, వైరస్ ఎవరో.

ముందు నాయన పని. పాత డిస్క్‌ని యూఎస్‌బీ కేబుల్‌తో తగిలిస్తే ఈ డ్రైవ్‌గా కనబడింది. ఎక్స్‌పీలో సాలిటైర్ ఎక్కడుంటుందో నాకు గుర్తుంది. విండోస్ ఫోల్డర్లో సిస్టమ్32, అందులో సోల్ డాట్ ఈఎక్స్ఈ. ముక్కల బొమ్మలు దానిలో ఉండవు, పక్కనే కార్డ్స్ డాట్ డీఎల్ఎల్ అని ఇంకో ఫైలుంటుంది, వాటి ఇల్లు అది. రెంటినీ కలిపి కొత్త ఫోల్డర్లోకి కాపీ చేసి నొక్కాను. అదే పచ్చ బల్ల, అవే ముక్కలు! నాయన కుర్చీ ముందుకు లాక్కున్నాడు.

రెండు నిమిషాలు ఆడి వెనక్కి వాలాడు. "ఇది ఆటీనా, డైమండా?"

ఆ ముక్కలు ఒక్కొక్కటి 71 చుక్కల (పిక్సెళ్ళ) వెడల్పు, 96 చుక్కల ఎత్తు. పాత తెర మీద అవి అరచేతిలో పట్టేంత ఉండేవి. కొత్త తెర అడ్డంగా 1920 చుక్కలు, దాని మీద అవే ముక్కలు అగ్గిపెట్టెల్లా ఉన్నాయి. పైగా నాయనకి పోయిన ఏడాదే రెండు కళ్ళకీ శుక్లాల ఆపరేషన్ అయింది. ఇస్పేటుకీ కళావరుకీ తేడా చూడాలంటే తెరకి ముక్కు ఆనించాల్సిందే. అందుకని ముక్కల్ని ఎంత కావాలంటే అంత పెద్దవి చేసుకోగలిగే ఉచిత పేకాట ప్రోగ్రామ్ ఒకటి వేశాను. అందులో రాజు, రాణి ముఖాలు బాగా కనబడుతున్నాయి. ఆట అదే. నాయన ఒప్పుకున్నాడు. అప్పటికి పని అయిపోయిందనే అనుకున్నాను.

కాఫీ తాగి వచ్చి కూర్చున్న మనిషి మౌస్ పట్టుకొని ఊరికే తెర కేసి చూస్తున్నాడు.

"యాడుంది?"

"అదే నాయనా, ఎడమపక్క రెండోది."

"అది పేక కాదే."

ఆ ప్రోగ్రామ్‌కి ఉన్న ఐకాన్ ఏదో గుర్తులాగా ఉంది, పేకలాగా లేదు. కింద పేరు ఉంది కదా అంటే, ముప్ఫై ఏళ్ళు కండక్టరుగా చేసిన మనిషి ఇచ్చిన జవాబు ఇది: "బోర్డు మార్చేసి, లోపల సీట్లు అవే గదా ఎక్కండి అంటే జనం ఎక్కుతారా?" నా దగ్గర సమాధానం లేదు. నేను మాత్రం ఫోన్లో పేర్లు చదివి నొక్కుతున్నానా ఏంటి. రంగు చూసి, ఆకారం చూసి వేలు పెడతాను. కంపెనీ వాళ్ళు రంగు మార్చిన రోజున నేనూ వెతుక్కుంటాను.

సరే, బోర్డు మారుద్దాం. షార్ట్‌కట్ మీద రైట్ క్లిక్, ప్రాపర్టీస్, చేంజ్ ఐకాన్. మొదట ఆ ప్రోగ్రామ్ సొంత బొమ్మే వచ్చింది. విండోస్ దగ్గర తన బొమ్మలు కూడా కొన్ని ఉంటాయి. అవి షెల్32 అనే ఫైల్లో ఉంటాయి, దాన్ని తెరిచాను. ఫోల్డర్లు, తాళంచెవులు, భూగోళం, మధ్యలో ఎందుకో ఒక పచ్చటి చెట్టు. "ఆ చెట్టు బాగుంది" అంది అమ్మ, వెనక నిలబడి చూస్తూ. చెట్టు తర్వాత చూద్దామని బ్రౌజ్ నొక్కి, ఈ డ్రైవ్‌లో ఉన్న పాత సోల్‌ని చూపించాను. ప్రోగ్రామ్ ఫైల్లోనే దాని ఐకాన్ కూడా దాగి ఉంటుంది కాబట్టి, ఆ ఫైల్ని చూపిస్తే చాలు. పేకముక్కల బొమ్మ వచ్చి కూర్చుంది. "ఆ, ఇదీ పేకంటే" అన్నాడు నాయన.

డిస్క్ పీకేశాను. మధ్యాహ్నం భోజనాల మధ్యలో కరెంటు పోయి వచ్చింది, కంప్యూటర్ మళ్ళీ ఆన్ చేస్తే పేక స్థానంలో తెల్ల కాగితం.

చిన్నోడు ఎంత సంతోషించాడో చెప్పలేను. "చూసినావా పిన్నీ, నీకు కూడా వైరస్!"

నవ్వొచ్చింది గానీ, వాడి కాగితాలకీ నా కాగితానికీ కారణం ఒకటే. షార్ట్‌కట్‌లో బొమ్మ ఉండదు, బొమ్మ ఎక్కడుందో ఆ అడ్రసు మాత్రం ఉంటుంది. అడ్రసుకి పోతే ఇల్లు లేదు, తెల్ల కాగితం చూపిస్తుంది. నా విషయంలో ఇల్లు కవర్లో చుట్టి బల్ల మీద ఉంది. వాడి విషయం కనుక్కోవడానికి వాడి షార్ట్‌కట్ ఒకటి నోట్‌ప్యాడ్‌లో తెరిచాను. స్టీమ్ గేముల షార్ట్‌కట్ మామూలు షార్ట్‌కట్ కాదు, వెబ్ లింకు లాంటిది. కొన్ని వరుసల అక్షరాలు, అంతే. ఒక వరుసలో ఆ గేము నంబరు, ఇంకో వరుసలో ఐకాన్ ఫైల్ ఎక్కడుందో ఆ దారి. ఆ దారి పట్టుకొని పోతే స్టీమ్ ఫోల్డర్లో మళ్ళీ స్టీమ్ అని ఒక ఫోల్డర్, దాని లోపల గేమ్స్ అని ఇంకొకటి. అది ఖాళీ.

"ఇందులో ఏమైనా తీసేసినావా?"

వాడు కాసేపు ఫ్యాను వైపు చూసి, "పేర్లు విచిత్రంగా ఉండాయి పిన్నీ, వైరస్ అనుకొని డిలీట్ చేసినా" అన్నాడు. వాణ్ణి తిట్టడానికి లేదు. ఆ ఫోల్డర్లో ఐకాన్లకు గేము పేర్లు ఉండవు, నలభై అక్షరాలూ అంకెలూ కలిపి గుదిగుచ్చిన పేర్లుంటాయి. ఎవరికైనా అనుమానమే వస్తుంది. రీసైకిల్ బిన్ కూడా ఖాళీ చేసేశాడు, ఆ శుభ్రత వాడి మంచం మీద కనబడదు మరి. స్టీమ్‌లో గేము మీద రైట్ క్లిక్ చేసి డెస్క్‌టాప్ షార్ట్‌కట్ మళ్ళీ పెట్టించాం. నాలుగిటికి బొమ్మలు తిరిగొచ్చాయి, ఒకటి మొండికేసింది. దానికి చేంజ్ ఐకాన్‌లో ఆ గేము అసలు ఈఎక్స్ఈ ఫైల్నే చూపించాం. అది స్టీమ్‌యాప్స్‌లో కామన్ అనే ఫోల్డర్లో ఉంటుంది. కుదిరింది.

ఇక పేక. కాపీ చేసిన సోల్‌ని చూపిస్తే చాలు, నిజానికి అంతటితో అయిపోయేది. కానీ నాయన కళ్ళ కోసం డెస్క్‌టాప్ బొమ్మల్ని కంట్రోల్ పట్టుకొని మౌస్ చక్రం తిప్పి బాగా పెద్దవి చేసి ఉంచాను. ఎక్స్‌పీ నాటి ఐకాన్లు ఆ సైజుకి పుట్టినవి కావు. 256 చుక్కల ఐకాన్లు ఎక్స్‌పీ తర్వాత వచ్చిన విస్టాతోనే మొదలయ్యాయి. పాత బొమ్మ పెద్ద చోట్లో పడితే ఒంటరిగా బిక్కుబిక్కుమంటూ ఉంటుంది. అందుకని దాన్ని బయటికి తీయాలనిపించింది. (అనిపించిందంటే, నాకూ సరదా వేసిందని అర్థం.)

బయటికి తీయడానికి ప్రత్యేకంగా సాఫ్ట్‌వేర్లు ఉన్నాయి. నేను ఫైళ్ళని మూటకట్టి విప్పే 7-జిప్‌తో కానిచ్చేశాను. సోల్ ఫైల్ మీద రైట్ క్లిక్ చేసి ఓపెన్ ఆర్కైవ్ అంటే మూట విప్పినట్టు విప్పి చూపిస్తుంది. లోపల రిసోర్సుల ఫోల్డరు, అందులో ఐకాన్ అనే ఫోల్డరు, వాటిలో వరుస నంబర్లతో బొమ్మలు. 32 చుక్కలదాన్ని తీసుకొని, బొమ్మలు దిద్దే ప్రోగ్రామ్ గింప్‌లో తెరిచాను. చిన్నోడు ఈలోగా తన తెలివి చూపించాడు. గూగుల్లో దొరికిన ఒక పేక బొమ్మ పీఎన్‌జీకి చివర పేరు ఐకో అని మార్చి పెట్టాడు. ఇందులో ఐకాన్లే లేవు పొమ్మంది విండోస్. ఒక ఐకో ఫైలంటే ఒకే బొమ్మని పలు సైజుల్లో వేసి కట్టిన కట్ట. పేరు మార్చినంత మాత్రాన అది కట్ట అవదు.

గింప్‌లో ఎనిమిది వందల శాతానికి పెంచితే అడ్డంగా 32 గడులు, నిలువుగా 32 గడులు. పేకముక్క అంచు అంటే నల్లగడుల వరస. మలుపు దగ్గర ఒక గడి తీసేసి పక్కన బూడిద రంగు గడి పెట్టారు, దూరం నుంచి చూస్తే ఆ మూల గుండ్రంగా అనిపిస్తుంది. నీడ కూడా అంతే, గడి విడిచి గడి. మొత్తం 1024 గడుల్లో ఒక పేకకట్ట. అమ్మ కళ్ళద్దాలు పెట్టుకొని వంగి చూసింది. "ఇది ముగ్గే కదే! ముప్ఫై రెండు చుక్కలు, ముప్ఫై రెండు వరసలు" అంది. అంత పెద్ద ముగ్గు సంక్రాంతికి కూడా వేయదు అమ్మ, వీధిలో చోటు లేదు.

32ని ఎనిమిదితో హెచ్చిస్తే సరిగ్గా 256. ఈ లెక్క కుదిరినందుకు నాకు చెప్పుకోలేనంత తృప్తి. పెంచేటప్పుడు గింప్ చుక్కల మధ్య రంగులు కలిపి నున్నగా చేయాలని చూస్తుంది. అలా వదిలేస్తే బొమ్మ పాలు కలిపిన టీలా మసకబారుతుంది. ఈ కలపడాన్నే ఇంటర్‌పొలేషన్ అంటారు, అక్కడ నన్ (ఏదీ వద్దు) అని పెట్టాను. అప్పుడు ఒక్కో గడి ఎనిమిదికి ఎనిమిది గడుల చతురస్రం అయి, అంచులు కోసినట్టు నిలబడ్డాయి. 256, 48, 32, మూడు సైజులూ కలిపి ఐకోగా ఎక్స్‌పోర్ట్ చేసి, ఈసారి డాక్యుమెంట్స్‌లో పెట్టాను, ఎవరూ పీక్కుపోలేని చోట.

అడ్రసు మార్చాను. తెల్ల కాగితమే. మళ్ళీ మార్చాను. తెల్ల కాగితమే. విండోస్ ఒకసారి చూసిన బొమ్మల్ని విడిగా దాచుకొని, ప్రతిసారీ వెతక్కుండా అక్కణ్ణుంచే తీసి చూపిస్తుంది. ఆ దాపరికం పాతబడితే ఇదీ గతి. టాస్క్ మేనేజర్లో ఎక్స్‌ప్లోరర్‌ని రీస్టార్ట్ చేయమన్నాను చిన్నోణ్ణి. ఒక్క క్షణం కింద పట్టీ, డెస్క్‌టాప్ మీద బొమ్మలు అన్నీ మాయమయ్యాయి. "అయ్యో, ఉన్నవి కూడా పోయినాయే!" అని నాయన కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. అన్నీ తిరిగొచ్చాయి. రెండో చోట పేకకట్ట, అరచేయంత, గడులు గడులుగా.

నాయన చాలాసేపు చూశాడు. బాగుందా అంటే చెప్పడు. "ముందు కంటే లావైంది" అన్నాడు.

అమ్మ చెట్టు సంగతి మరిచిపోలేదు. అన్నమయ్య కీర్తనల ఫోల్డర్‌కి ప్రాపర్టీస్‌లో కస్టమైజ్‌కి పోయి ఆ చెట్టు పెట్టాను. చిన్నోడు అది చూసి తన ఫోల్డర్‌కి తాళంచెవి పెట్టుకున్నాడు, అందులో ఏం దాచాడో ఇంకా అడగలేదు.

ఐదింటికి బయల్దేరాను. నాయన అప్పటికే ఒక ఆట మధ్యలో ఉన్నాడు, తలెత్తకుండా చెయ్యి ఊపాడు. ఇంటికొచ్చి బట్టలు ఆరేస్తుంటే మళ్ళీ ఫోన్.

"పాపా, రెండు ఆటలు తేలినాయి."

"మంచిది నాయనా."

"ఆ పేక మూలలో చిన్న బాణం గుర్తు ఉండాది, అది దేనికి?"

అది షార్ట్‌కట్ అని తెలియడానికి నాయనా, అసలు ప్రోగ్రామ్ వేరేచోట ఉంటుంది అన్నాను.

"వేరేచోట ఉంటే నాకేల, అది తీసెయ్" అన్నాడు.

వచ్చే ఆదివారం.