పన్నెండు ఫ్రేముల ఆలస్యం

మా జమ్మలమడుగు పక్కన ఒక ఊరి చెక్కభజన దళంతో నాలుగు నిమిషాల ప్రయోగాత్మక మ్యూజిక్ వీడియో చేశాను. పాటను ఒక గదిలో విడిగా రికార్డు చేసి, దృశ్యాలు గండికోటలో ఫోన్‌తో తీశాను.

మొదటి ఎడిట్‌లో ప్రతి దెబ్బకూ ఒక కట్ వేశాను. నిమిషానికి 120 దెబ్బలు, సెకనుకు 25 ఫ్రేములు. అంటే దెబ్బకు పన్నెండున్నర ఫ్రేములు. అర ఫ్రేమ్‌ను కత్తిరించలేం కాబట్టి ఒకసారి 12, ఒకసారి 13. రెండు రాత్రులు దీనికే పోయాయి. పైగా ఫోన్ ఫ్రేమ్ రేటు ఒక్కతీరుగా ఉండదు, చివరికొచ్చేసరికి పెదాలు ఒకచోట, పాట ఇంకోచోట. స్థిరమైన రేటుకు మార్చుకున్నాకే అది దారికొచ్చింది.

అంతా కుదిరాక దళం గురువుగారికి చూపిస్తే, "ఏంది నాయనా, కండ్లు ఊరికే కొట్టుకుంటున్నట్టుంది" అన్నారు. నిజమే. చెవి ముందే పట్టుకున్న తాళాన్ని కంటికి మళ్లీ వడ్డిస్తున్నాను.

యానిమేషన్ దర్శకుడు నార్మన్ మెక్‌లారెన్ 1971లో 'సింక్రొమీ' అనే చిన్న సినిమా తీసినప్పుడు, ఫిల్మ్ సౌండ్‌ట్రాక్ మీద ముద్రించి శబ్దం పుట్టించిన ఆకారాలనే తెరమీదా చూపించాడు. బొమ్మా శబ్దమూ అక్కడ ఒకటే. నా దగ్గర ఉన్నది అది కాదని ఒప్పుకోవాల్సి వచ్చింది.

అప్పుడు గుర్తొచ్చింది, పక్కన పడేసిన ఒక షాట్. పెన్నా లోయ అంచున గురువుగారు దూరంగా నిలబడి చెక్కలు కొడతారు. చేతులు కలిశాక చప్పుడు వస్తుంది. లెక్కబెడితే 12 ఫ్రేముల ఆలస్యం, దాదాపు అర సెకను! శబ్దం సెకనుకు సుమారు 340 మీటర్లు పోతుంది, అంటే ఆయన 160 మీటర్ల పైనే ఉన్నారు. పొరపాటని వదిలేసిన షాట్ అది.

దానితోనే వీడియో మొదలుపెట్టాను. మొదట్లో గది రికార్డింగ్ తీసేసి, లోయ గాలి హోరుతో సహా ఫోన్ శబ్దమే ఉంచాను. తర్వాతి షాట్‌కు కాస్త దగ్గరికి, ఇంకాస్త దగ్గరికి. ఆలస్యం 8 ఫ్రేములు, 5, 2. చెక్కల్లోని ఇత్తడి బిళ్లలు తెరనిండా కనిపించేసరికి చెయ్యీ చప్పుడూ కలుస్తాయి. గదిలో పాడిన పాట అక్కడే అందుకుంటుంది.

గురువుగారికి మాత్రం నచ్చలేదు. బస్టాండులో కనిపించినప్పుడల్లా అదే మాట: "మొదట్లో శబ్దం ఎనకబడింది నాయనా, ఎప్పుడు సరిచేస్తావు?"