నాన్న అప్పుకు అమ్మ చేత సంతకం పెట్టించబోయారు: నా అనుభవం

పర్సనల్ లోను మూసేసినట్టు నిన్న సాయంత్రం బ్యాంకు నుంచి ఉత్తరం వచ్చింది. గుండెల మీద బరువు దిగింది గానీ కోపం మాత్రం దిగలేదు. అందుకే ఇప్పుడే రాసేస్తున్నాను.

మా నాన్న రిటైర్డ్ టీచరు. పోయేనాటికి ఒక ప్రైవేటు బ్యాంకులో 4 లక్షల చిల్లర పర్సనల్ లోను, అదే బ్యాంకు క్రెడిట్ కార్డు మీద 60 వేలు, తెలిసినాయన దగ్గర ఒక ప్రోనోటు ఉన్నాయి. ఆయన వదిలి వెళ్లింది సేవింగ్స్ ఖాతాలో ఉన్న 80 వేలే. ఇల్లు అమ్మది, పుట్టింటివాళ్లు ఇచ్చింది. డెత్ సర్టిఫికెట్, ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ ఇబ్బంది లేకుండా వచ్చాయి.

పెద్దకర్మ రోజు భోజనాల వేళకి రికవరీ వాళ్లు షామియానా కిందకే వచ్చేశారు. "అప్పు ఎవరు కడతారు?" అని బంధువులందరి ముందు గట్టిగా అడిగారు. మా బాబాయి వాళ్లను మందలించాల్సింది పోయి, "సంతకం పెట్టేయమ్మా, తండ్రి రుణం ఉంచుకుంటే ఆయనకు సద్గతి ఉండదు" అని నాకే చెప్పాడు. నాన్న బతికుండగా ఒక్క రూపాయి సాయం చేయని మనిషి!

అసలు అవమానం బ్యాంకులో జరిగింది. ఖాతాలో డబ్బు కోసం అమ్మను తీసుకుని వెళ్తే, ఆఫీసరు కూర్చోమని కూడా అనలేదు. ఇంగ్లీషులో టైపు చేసిన కాగితం ఒకటి ముందుకు తోసి, దాని పక్కన ఇంకుప్యాడు పెట్టాడు. అమ్మకు చదువొచ్చా అని అడగనైనా లేదు. రోజూ పేపరు మొదటి పేజీ నుంచి చివరిదాకా చదివే మనిషి మా అమ్మ. ఆ ప్యాడు చూసి చెయ్యి వెనక్కి తీసుకుంది. కాగితం నేను చదివాను. బాకీ మొత్తం తన సొంత బాధ్యతగా వాయిదాల్లో కడతానని అమ్మ ఒప్పుకుంటున్నట్టు ఉంది! ఇదేమిటని అడిగితే, "సంతకం పెట్టకపోతే ఫ్యామిలీ పెన్షన్‌లోంచి కోసుకుంటాం" అన్నాడు. అమ్మ అక్కడే ఏడ్చేసింది. క్యూలో ఉన్నవాళ్లంతా చూస్తూనే ఉన్నారు. నేను కాగితం ఫొటో తీసుకుని, అమ్మను పట్టుకుని బయటికొచ్చేశాను.

ప్లీడరు గారు పావుగంటలో తేల్చేశారు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 50వ సెక్షన్ ప్రకారం, పోయినవాళ్ల ఆస్తి వారసుల చేతికి ఎంత వచ్చిందో అంతవరకే బాధ్యత. మన జీతం, మన సొంత ఇల్లు దాని జోలికి రావు. తండ్రి అప్పు తీర్చడం కొడుకు ధర్మం కాబట్టి కట్టాలి అన్న ఒక్క కారణంతో దావా నడవదని, 2005 సెప్టెంబరు 9 తర్వాత చేసిన అప్పులకు హిందూ వారసత్వ చట్టంలోనే రాసి ఉంది. బాబాయికి ఆ పేజీ పంపాను. ఫ్యామిలీ పెన్షన్ అమ్మ సొంత హక్కు, నాన్న వదిలిన ఆస్తి కాదు. కానీ మీరు హామీ సంతకం చేసినా, అప్పులో మీ పేరూ ఉండి కో-బారోవర్‌గా ఉన్నా, ఆస్తి తనఖాలో ఉన్నా లెక్క వేరు. అది ముందే చూసుకోండి.

లోను స్టేట్‌మెంటు తీయించమని కూడా ప్లీడరు గారే చెప్పారు. చూస్తే, లోను ఇచ్చిన రోజే ఇన్సూరెన్సు ప్రీమియం కోసుకున్నారు! అప్పు తీసుకున్న మనిషి పోతే ఆ పాలసీయే బాకీ కట్టాలి. ఆ ముక్క బ్యాంకులో ఒక్కరు చెప్పలేదు. క్లెయిము పెట్టి, రిజిస్టర్డ్ పోస్టులో ఉత్తరం రాశాను. ముప్పై రోజుల్లో సరైన జవాబు రాకపోతే బ్యాంకుల మీద ఫిర్యాదులు వినే రిజర్వ్ బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు వెళ్తానని అందులోనే పెట్టాను. ఆ తర్వాతే కదలిక వచ్చింది. రికవరీ ఫోన్లు ఉదయం 8 లోపు, రాత్రి 7 తర్వాత చేయకూడదు. చేస్తే రికార్డు చేసి పెట్టుకోండి.

కార్డు బాకీ నాన్న ఖాతాలోంచే పోయింది. అది న్యాయమే, ఆయన డబ్బే కదా.

ఇక ప్రోనోటు. రాసి మూడేళ్లు దాటింది, కొంత కట్టినట్టు వెనకాల చెల్లు రాసి లేదు, కాలదోషం పట్టింది. కోర్టుకు వెళ్లినా అప్పిచ్చినాయనకు పైసా రాదు. కానీ అది నా పెళ్లికి తెచ్చిన డబ్బు. అప్పుడు ఆయన వడ్డీ కూడా పెద్దగా అడగలేదు. నా జీతంలోంచి అసలు మొత్తం కట్టి, నోటు వెనక్కి తీసుకున్నాను. ఎవరూ బెదిరించలేదు, నేనే వెళ్లి ఇచ్చాను. ఈ విషయంలో నాకు గర్వంగానే ఉంది.

ఇంకా కార్డు తాలూకు బాకీ ఏమీ లేదనే నో డ్యూస్ సర్టిఫికెట్ రావాలి. అది చేతికి రాకుండా ఫైలు మూసేయొద్దని ప్లీడరు గారి మాట. రేపు ఇంకో ఉత్తరం పోస్టు చేస్తున్నాను.