మార్చి ఎనిమిదా, ఆగస్టు మూడా? నా మొదటి ఓటు

నేను పుట్టింది 2006 మార్చి 8న. టెన్త్ మార్కుల లిస్టులో అదే ఉంది. ఆధార్‌లో మాత్రం ఆగస్టు 3. చిన్నప్పుడు ఎన్‌రోల్ చేసినాయన 08-03ని 03-08గా కొట్టేశాడు. ఇన్నేళ్లూ ఆ తప్పుతో మాకు ఏ ఇబ్బందీ రాలేదు. ఓటుకు అప్లై చేసినప్పుడు వచ్చింది.

పద్దెనిమిది నిండితే ఓటు అని అందరూ చెప్తారు. ఏ తేదీకి నిండాలో ఎవరూ చెప్పరు. పోలింగ్ రోజుకు నిండితే చాలనుకున్నాం నేనూ, మా చిన్నాయన కొడుకూ. వాడి పుట్టినరోజు ఏప్రిల్ 6. తీరా చూస్తే అర్హత తేదీ అని వేరే ఒకటుంది. మొదట్లో జనవరి 1 ఒక్కటే ఉండేదట. జనవరి 2న పుట్టినవాడు ఏడాది కాచుకోవాల్సిందే. 2022 ఆగస్టు నుంచి జనవరి 1, ఏప్రిల్ 1, జులై 1, అక్టోబర్ 1 అని నాలుగు చేశారు. 2024 మే 13 పోలింగ్‌కు లెక్క ఏప్రిల్ 1. నేను గట్టెక్కాను, వాడు ఐదు రోజుల తేడాతో ఆగిపోయాడు. పోలింగ్ నాటికి వాడికి పద్దెనిమిది దాటి నెల పైనే, అయినా ఓటు లేదు.

మా నాయన దీనికి నవ్వినాడు. "మా కాలంలో ఇరవై ఒకటి రా. నాకు ఇరవై ఉన్నప్పుడు తగ్గించినారు" అన్నాడు. 61వ రాజ్యాంగ సవరణ 1989 మార్చిలో అమల్లోకి వచ్చింది, ఆ నవంబర్‌లోనే ఆయన మొదటి ఓటు.

ఇక నా సంగతి. పదిహేడు దాటితే ముందే అప్లై చేయొచ్చని తెలిసి ఫిబ్రవరిలోనే ఫోన్‌లో కొత్త ఓటుకు పెట్టే ఫారం 6 నింపాను. పుట్టిన తేదీ గడిలో మార్చి 8 కొట్టి, రుజువుగా చేతికందిన ఆధార్ ఫొటో పెట్టాను. బుర్ర ఎక్కడ పెట్టానో!

కొన్నాళ్లకు బీఎల్‌వో (బూత్ లెవెల్ ఆఫీసర్) అక్క ఇంటికొచ్చింది. ఆమె అంగన్‌వాడీ టీచర్, ఓటర్ల లిస్టు పని అదనం. అరుగు మీద కూర్చుని, కాగితాల కట్టలోంచి నాది లాగి, ఆధార్ తేదీ మీద వేలు పెట్టింది.

"ఏమప్పా, నువ్వు మార్చి రాసినావ్, ఈడ ఆగస్టు ఉంది. దీని లెక్కన నీకు అక్టోబర్ దాకా ఓటు రాదు."

నాయన కంగారుపడి, "ఆధార్ మార్పించుకొని రమ్మంటావామ్మా?" అన్నాడు.

"దానికోసం ఆగొద్దన్నా. వయసుకు ఆధారే ఇయ్యాలని యాడుంది? టెన్త్ లిస్టు, బర్త్ సర్టిఫికెట్, పాన్, పాస్‌పోర్టు, ఏదో ఒకటి చాలు. మళ్లీ కొత్తగా పెట్టండి."

వెళ్తూ వెళ్తూ ఫారం అడుగున ఉన్న డిక్లరేషన్ చదవమంది. తెలిసి తప్పు చెప్తే ఏడాది దాకా జైలట. తప్పు నాది కాకపోయినా చదువుతుంటే గొంతు ఎండిపోయింది.

మొదటిది రిజెక్ట్ అయింది. మార్చిలో టెన్త్ లిస్టుతో రెండోది పెట్టాను. నామినేషన్ల చివరి తేదీకి పది రోజుల ముందు వరకు వచ్చిన అప్లికేషన్ల పేర్లే ఆ ఎన్నికకు ఎక్కిస్తారు. ఏప్రిల్ 25న నామినేషన్లు ముగుస్తాయి కాబట్టి రోజూ ఫోన్‌లో చూసుకోవడమే పని. పేరు ఎక్కిన రోజు ఇంకో అనుమానం. మేముండేది కర్నూలు టౌన్‌లో, కల్లూరు వైపు. నియోజకవర్గం చూస్తే పాణ్యం! ఇంకో తప్పు పడిందనుకుని దిద్దుబాటుకు ఫారం 8 తెరిచాను. నాయన ఫోన్ లాక్కున్నాడు. కల్లూరు మండలం పాణ్యం కిందికే వస్తుందట, పాణ్యం నంద్యాల లోక్‌సభ కిందికి. అంటే కొండారెడ్డి బురుజు చూస్తూ పెరిగినవాళ్లం నంద్యాల ఎంపీకి ఓటేస్తాం. "1991లో పీవీ గెలిచిన సీటు రా అది" అని నాయన గొప్ప.

మే 13 నాటికి ఓటరు కార్డు పోస్టులో రాలేదు. లిస్టులో పేరుంటే చాలు, వేరే గుర్తింపు చూపించొచ్చు. ఆధార్ తీసుకెళ్తే మళ్లీ తేదీ గొడవేమోనని ఫొటో ఉన్న బ్యాంకు పాస్‌బుక్ జేబులో పెట్టుకున్నా. బండి మీద దింపింది మా ఏప్రిల్ 6 వాడే. లోపల రిజిస్టర్‌లో సంతకం, ఎడమ చూపుడు వేలికి సిరా, ఎంపీకో మిషన్, ఎమ్మెల్యేకో మిషన్. బటన్ నొక్కాక పక్క పెట్టె అద్దంలో చీటీ ఏడు సెకన్లు కనపడి పడిపోయింది. చదువుకునే లోపే అయిపోయిందనిపించింది.

బయట వేపచెట్టు కింద వాడు నా వేలు పట్టుకుని చాలాసేపు చూశాడు. "ఐదు రోజులు ముందు పుట్టింటే సరిపోయేది" అన్నాడు.

ఆధార్ మాత్రం ఇంకా మార్పించలేదు. దాని లెక్కన నేను పదిహేడేళ్లకే ఓటేసినట్టు.